మమ్మల్ని పొద్దుపుచ్చుతున్నావా?

ముప్పై ఏళ్ళు దాటింది. ఒక సాయంత్రం బస్టాండులో కంట్రోలర్ గదిలో కూర్చుని ఉన్నాను. పామూరు వైపు నుంచి రావాల్సిన బస్సు రాలేదు. పైన ఎక్కడో వాన పడి దారిలో వాగు పొంగిందని కబురు అందింది. ఎప్పుడు తగ్గుతుందో చెప్పేవాడు లేడు. అడిగినవారందరికీ "ఇంకాసేపట్లో వచ్చేస్తుంది" అంటున్నాను. కంట్రోలర్ ఉద్యోగంలో మొదట వంటబట్టే అబద్ధం అదే. మూడుసార్లు విన్నాక ఒక పెద్దాయన కిటికీ చువ్వలు పట్టుకుని, తాపీగా, "ఏం నాయనా, మమ్మల్ని పొద్దుపుచ్చుతున్నావా?" అన్నాడు.

ఆ కిటికీ వెనక కూర్చుని అంతకంటే ఘాటైన మాటలు చాలా పడ్డాను. అవేవీ గుర్తులేవు. ఇది మాత్రం అరికాలిలో విరిగిన తుమ్మముల్లులా లోపలే ఉండిపోయింది. బాధపెట్టి కాదు. ఆ మాట కట్టు వింతగా తోచింది. నాకు తెలిసిన పొద్దుపుచ్చడం ఎవరికి వారు చేసుకునేది. గవ్వలాడుతూ పొద్దుపుచ్చుతాం, కబుర్లు చెప్పుకుంటూ పొద్దుపుచ్చుతాం. ఒకడు ఇంకొకడిని పొద్దుపుచ్చడం ఎట్లా కుదురుతుంది? పనిలేని వేళ హాయిగా చేసుకునే పని, చువ్వల అవతలి నుంచి వచ్చేసరికి నేరం ఎట్లా అయింది?

ఇక్కడ నా సంగతి కొంచెం చెప్పాలి. మాది కందుకూరు పక్క పల్లెటూరు. నేను 1958లో పుట్టినప్పుడు మా ఊరు నెల్లూరు జిల్లా. 1970 ఫిబ్రవరిలో ఒంగోలు జిల్లా ఏర్పడితే అందులోకి పోయింది. రెండేళ్ళకు ఆ జిల్లాకే ప్రకాశం అని పేరు పెట్టారు. 2022లో జిల్లాలు తిరగరాసినప్పుడు కందుకూరును మళ్ళీ నెల్లూరులో కలిపారు. ఇల్లు కదల్లేదు, బావి కదల్లేదు, వేపచెట్టు కదల్లేదు. మేం మాత్రం రెండు జిల్లాలు తిరిగి వచ్చాం. కూర్చున్నచోటనే కూర్చుని ఇంత ప్రయాణం చేసినవాడికి పొద్దుపుచ్చడం గురించి రాసే హక్కు ఉందనుకుంటాను.

ఈ మాటతో నా మొదటి పరిచయం వంకాయ వల్ల.

ఐదారేళ్ళ వయసులో అనుకుంటాను. మా అవ్వ అరుగు మీద కూర్చుని కూరకు వంకాయలు తరుగుతోంది. ఒకటి కోసి, లోపల చూసి, "ఇది పుచ్చింది" అని దూరంగా విసిరింది. లోపల నల్లటి సొరంగం, దాని చివర తెల్లటి పురుగు. ఆ మధ్యాహ్నమే ఎదురింటి ఆమె వచ్చి, "ఏం చేస్తున్నావు అత్తా?" అని అడిగితే అవ్వ, "ఏముంది, పొద్దుపుచ్చుతున్నా" అంది. నాకు రెండూ కలిశాయి. పొద్దు కూడా పుచ్చుతుందన్నమాట! ఆమె వెళ్ళాక అడిగాను: "అవ్వా, పొద్దు పుచ్చితే లోపల పురుగు ఉంటుందా?"

అవ్వ నవ్వలేదు. ఇంకెవరైనా అయితే నవ్వి పదిమందికి చెప్పేవారు. సాయంత్రం చెరువు కట్ట మీదికి తీసుకుపోయి, తాళ్ళతోపు పైన దిగుతున్న పొద్దును చూపించింది. ఎర్రటి బింబానికి అడ్డంగా సన్నని నల్లమబ్బు గీత. "అదిగో, పురుగు తొలిచిన దారి" అంది. చాలాకాలం నమ్మాను. పొద్దున్నే లేచినప్పుడు కొత్త పొద్దు పుచ్చులేకుండా నున్నగా కనిపిస్తే ఆనందం వేసేది.

ఆ రెండు పుచ్చులూ వేరని తెలిసింది పెద్ద తరగతుల్లో. వంకాయలో ఉన్నది పురుగు తొలిచి చెడిపోవడం. పన్ను పుచ్చడం, కర్ర పుచ్చడం అదే. పొద్దుతో వచ్చే పుచ్చుకు దానితో చుట్టరికం లేదు. అది పోవు అనే క్రియకు ప్రేరణ రూపం. ఆగేదాన్ని ఆపుతాం, తిరిగేదాన్ని తిప్పుతాం, లేచేవాడిని లేపుతాం. అట్లాగే పోయేదాన్ని పుచ్చుతాం. అంటే పోయేట్టు చేస్తాం, పంపుతాం. ఇప్పుడు ఎవరూ ఉత్తరాన్ని పుచ్చడం లేదు, పిల్లవాడిని బడికి పుచ్చడం లేదు. ఒక్క పొద్దుకు మాత్రం అతుక్కుని ఆ క్రియ బతికి ఉంది. పాత పుస్తకాల్లో దాని తోబుట్టువు కనబడుతుంది. తిక్కన భారతంలో ఒకరి దగ్గరికి ఒకరు దూతలను పుత్తెంచుతూ ఉంటారు. పుత్తెంచడం అంటే పంపించడమే. పొద్దుపుచ్చడంలో ఉన్న పుచ్చూ ఆ పుత్తెంచులో ఉన్నదీ ఒకటే. కురుసభకు రాయబారిని పంపిన క్రియతోనే మా అవ్వ అరుగు మీద నుంచి సూర్యుణ్ణి పంపేది.

నాకు దీంట్లో బాగా నచ్చింది ఆ పంపడం. మన భాషలో పోవుకు ఇంకో ప్రేరణ కూడా ఉంది: పోగొట్టు. డబ్బు పోగొట్టుకుంటాం, పరువు పోగొట్టుకుంటాం, సంతలో గొడుగు పోగొట్టుకుంటాం. మా వైపు పొద్దు పోగొట్టుకున్నవాడిని నేను చూడలేదు. పొద్దును పుచ్చుతారు. వచ్చిన చుట్టాన్ని కూర్చోబెట్టి, మంచినీళ్ళిచ్చి, మాట్లాడి, సందు మొగదాకా వెంట నడిచి పంపినట్టు. పంపకపోతే వెళ్ళడా అంటే వెళతాడు. అయినా పంపడం ఒక మర్యాద.

ఇక పొద్దు సంగతి. ఈ మాట లోతు నాకు తెలిసింది నిఘంటువులో కాదు, మద్రాసులో.

కండక్టరుగా చేరిన తొలి ఏళ్ళలో కొంతకాలం నెల్లూరు నుంచి మద్రాసు బస్సు మీద పనిచేశాను. గూడూరు, నాయుడుపేట, సూళ్ళూరుపేట దాటి తడ వచ్చేసరికి టికెట్లు అడిగేవారి భాష మారిపోయేది. మద్రాసు చేరాక తిరుగు బస్సుకు నాలుగు గంటల వ్యవధి. మేం బస్సులు నిలిపేచోట ఒక టీకొట్టు ఉండేది. ఆ కొట్టాయనకు తెలుగు రాదు, నాకు అరవం ముక్కలు ముక్కలుగా వచ్చు. ఒక మిట్టమధ్యాహ్నం, ఎండకు తారు మెత్తబడి, కొట్టు ముందు పిట్ట కూడా లేదు. ఆయన గ్లాసులు కడిగినవే మళ్ళీ కడుగుతూ, నావైపు చూసి ఆవులించి, "పొళుదే పోగలె" అన్నాడు.

నేను చేతిలో ఉన్న బన్ను కింద పెట్టేశాను. పొద్దే పోవడం లేదు అన్నాడాయన. అచ్చంగా మా ఊరి మాట. ఒక్క అక్షరం మారువేషంలో ఉంది. ఆ ళు అనే చోట అరవం వారు నాలుక మడతపెట్టి పలికే ఒక శబ్దం ఉంది. మన అక్షరాల్లో దానికి సరైన గుర్తు లేదు కాబట్టి ళ అని రాస్తున్నాను. తర్వాత తీరిక దొరికినప్పుడల్లా అలాంటి జతలు ఏరడం మొదలుపెట్టాను. వాళ్ళు కీళ్ అంటే మనం క్రింద. వాళ్ళు పళైయ అంటే మనం ప్రాత. వాళ్ళు పొళుదు అంటే మనం ప్రొద్దు. వాళ్ళ మడత నాలుక శబ్దం మన దగ్గర ముందుకు జరిగి మొదటి అక్షరం కింద క్రావడిగా కూర్చుంది. కొన్నాళ్ళకు మనకు అదీ బరువైంది. కింద, పాత, పొద్దు అయ్యాయి. కన్నడం వారి దగ్గర పొర్తు అనే పాత రూపం ఉంది, ఇప్పుడు హొత్తు అంటారు. హొత్తు హోగలిల్ల అంటే వాళ్ళకీ పొద్దు పోలేదనే.

అంతకంటే ముచ్చటైనది ఇంకోటి. నేను పొద్దుపుచ్చడం అనే మాటను విడదీసి చెప్పినప్పుడు ఆ టీకొట్టాయన, "ఎంగ ఊర్లె పొళుదుపోక్కు" అన్నాడు. పోగు అంటే పోవడం, పోక్కు అంటే పోయేట్టు చేయడం. పొళుదుపోక్కు, పొద్దుపుచ్చు. ఇద్దరూ విడివిడిగా సూర్యుణ్ణే పంపుతున్నాం. తేడా తర్వాత చూశాను. అరవంలో ఆ మాటకు ఎంత గౌరవమో! వినోదం అనాలంటే అదే మాట. పత్రికల్లో సినిమా పేజీకి అదే పేరు. నువ్వు తీరిక వేళల్లో ఏం చేస్తావని పిల్లవాడిని అడగాలన్నా ఆ మాటే. మన దగ్గర దాని అన్నదమ్ముడు పత్రికల్లో ఎక్కడ కనబడతాడంటే, "హామీలు ఇచ్చి పొద్దుపుచ్చుతున్నారు" అనే వార్తలో. అంటే నా కిటికీ దగ్గరి పెద్దాయన వాడిన అర్థంలో.

పొద్దు గురించి ఇంకాస్త చెప్పకుండా ఉండలేను. బ్రౌన్ దొర 1852లో అచ్చువేయించిన నిఘంటువులో ప్రొద్దు అంటే సూర్యుడు అనీ ఉంది, కాలం అనీ ఉంది. మాకు ఆ రెండూ వేరని చిన్నప్పుడు తెలియదు. ఇంట్లో గడియారం లేదు. "బారెడు పొద్దెక్కింది, ఇంకా లేవలేదా" అని అవ్వ అరిస్తే, నేల నుంచి సూర్యుడి దాకా చేతులు చాచి కొలిస్తే ఒక బార దూరం వచ్చిందని. కార్తికంలో ఆమె ఒక్కపొద్దు ఉండేది, ఒంటిపూట భోజనం. అక్కడ పొద్దు అంటే పూట. ఈపొద్దు అంటే ఈరోజు. పొద్దుపోయి వచ్చాడంటే రాత్రి ఆలస్యంగా వచ్చాడని. పొద్దు పోలేదంటే పగలు తరగలేదని. ఒకే పోవడం ఒకచోట తొందర, ఒకచోట విసుగు. చివరికి మన అప్పుడు, ఇప్పుడు, ఎప్పుడు అనే మాటల తోకలో ఉన్నదీ పొద్దే. అరవం వారి ఇప్పొళుదు పక్కన మన ఇప్పుడును పెడితే తోక ఎక్కడ అరిగిందో కనబడుతుంది. రోజూ వందసార్లు సూర్యుణ్ణి తలుచుకుంటున్నాం, తెలియకుండానే.

సంస్కృతం నుంచి తెచ్చుకున్న మాటలు రెండు మన వాడుకలో ఉన్నాయి: కాలక్షేపం, కాలయాపన. క్షేపం అంటే విసరడం. కాలాన్ని విసిరేయడం నాకు నచ్చదు గానీ, హరికథా కాలక్షేపం అన్నప్పుడు మాత్రం ఆ విసరడంలో ఒక ఠీవి ఉంటుంది. యాపన మాత్రం ఆశ్చర్యం. యా అంటే వెళ్ళడం, యాపన అంటే వెళ్ళేట్టు చేయడం. కాలయాపన అంటే అక్షరాలా పొద్దుపుచ్చడమే. దానికీ మన పొద్దుపుచ్చుకు పట్టిన గతే పట్టింది. ఇప్పుడు కాలయాపన అంటే ఆఫీసుల్లో ఫైలును తొక్కిపెట్టడం తప్ప ఇంకో అర్థం లేదు. ఉబుసుపోక అని ఇంకో మాట ఉంది, అదీ పోవడమే. ఇన్ని ఉండగా పిల్లలు టైంపాస్ అంటున్నారని నేను గొడవ పెట్టుకోను. ఇంగ్లీషు వారి పాస్‌టైమ్‌ను తిరగేసి మనం వాడుకుంటున్నాం, తప్పేమీ లేదు. బస్సు కిటికీల దగ్గర శనక్కాయల పొట్లాలు ఆ పేరుతోనే అమ్ముడుపోయేవి. నాకున్న ఫిర్యాదు ఒక్కటే. టైంపాస్‌లో సూర్యుడు లేడు. పొద్దు ఎక్కడిదాకా వచ్చిందో తల ఎత్తి చూడాల్సిన పని లేదు.

అట్లాగని అవ్వ చేసిన పొద్దుపుచ్చడం చేతులు ముడుచుకుని కూర్చోవడం అనుకోకండి. నాకు గుర్తున్న దృశ్యం ఇది. వేసవిలో చింతపండు కొట్టే రోజులు. అవ్వ ముందు గోనెపట్టా, దాని మీద పెంకు తీసిన చింతకాయల కుప్ప. చిన్న ఇనుప కడ్డీతో ఒక్కో కాయను రాతి మీద కొట్టి, గింజ పక్కకు, పండు తట్టలోకి. చేతులు వాటి మానాన అవి పోతుంటాయి, నోరు ఎదురింటి ఆమెతో. గింజలు ఒక చెంబెడు కాగానే కడ్డీ పక్కన పెట్టి, వామనగుంటల పీట తెచ్చేది. రెండు వరుసలు, వరుసకు ఏడు గుంటలు, గుంటకు ఐదేసి గింజలు. కొట్టిన గింజలు ఇంకా జిగటగా ఉండి వేళ్ళకు అంటుకునేవి. ఎదురింటి ఆమె గింజలు పంచుతూ ఒకటి వేలికి అంటించుకుని ఇంకో గుంటలోకి దాటించిందని అవ్వ ఆరోపణ. ఆమె వేళ్ళు చాపి చూపించేది. వేలికి గింజ ఉండేదే. నిజంగా అంటుకుందా, అంటించిందా అనేది తేలకుండా ఆటలు ఆటలు గడిచిపోయేవి. సాయంత్రానికి చింతపండు తట్ట నిండేది. పని ఎప్పుడు చేశారు, ఆట ఎప్పుడు ఆడారు అని అడిగితే ఇద్దరూ చెప్పలేరు. "పొద్దుపుచ్చాం" అంటారు.

మగవాళ్ళ పొద్దుపుచ్చడం పొగాకు బ్యారన్ దగ్గర. మా ప్రాంతమంతా పొగాకే. కోసిన పచ్చాకును కర్రలకు కట్టి, బ్యారన్ లోపల అటకలు అటకలుగా వేలాడదీసి, కింద గొట్టాల గుండా వేడి పోనిస్తారు. ఒకసారి మంట వెలిగిస్తే ఐదారు రోజులు రాత్రింబవళ్ళు కనిపెట్టుకుని ఉండాలి. మొదట ఆకు పసుపు తిరిగేదాకా సన్న వేడి, ఫారన్‌హీట్ లెక్కలో తొంభై, వంద. రంగు నిలిచాక కొంచెం కొంచెం పెంచుతూ, చివర ఈనె ఎండేటప్పటికి నూట అరవై దాకా. తొందరపడి ఒక్కసారిగా పెంచితే ఆకు పచ్చగానే ఎండిపోతుంది, ఏమరిస్తే నల్లబడుతుంది. గోడకు చిన్న అద్దం కిటికీ, దాని వెనక థర్మామీటరు. గంటకోసారి లాంతరు ఎత్తి చూడటం, రెండు కట్టెలు వేయడమో లాగడమో చేయడం. మిగతా యాభై నిమిషాలు ఏం చేయాలి? నిద్రపోకూడదు. అది తప్ప ఏమైనా చేయవచ్చు.

పద్నాలుగేళ్ళప్పుడు నాయనతో ఒక రాత్రి కాపలాకు పోయాను. చలికాలం. మంట ముందు నలుగురు. ఒకాయన దయ్యం కథ చెప్పాడు, ఇంకొకాయన ఆ దయ్యం తనకు మేనత్త వరస అవుతుందని వాదించాడు. నేల మీద బొగ్గుతో గీతలు గీసి దాడి అనే ఆట ఆడారు. గులకరాళ్ళు ఒకరివి, చింతగింజలు ఇంకొకరివి. నాకు అర్ధరాత్రి ఒక సందేహం వచ్చింది. "నాయనా, పొద్దుపుచ్చడం అంటారు కదా, ఇప్పుడు పొద్దే లేదు. మీరు పుచ్చేది దేన్ని?" అన్నాను. నాయన లాంతరు ఎత్తి అద్దంలో డిగ్రీలు చూసి, కట్టె ఒకటి లోపలికి తోసి, వచ్చి కూర్చుని అప్పుడు చెప్పాడు: "లేకపోతే ఎక్కడికి పోయింది? అటు పక్క ఉంది. ఇటు వచ్చేదాకా మనం కూర్చోవాలి."

ఈ జవాబు వ్యాకరణానికి నిలుస్తుందో లేదో నాకు తెలియదు, బ్యారన్ దగ్గర మాత్రం నిలిచింది.

ఇక ఆ వాన సాయంత్రం దగ్గరికి వస్తాను. పెద్దాయన ఆ మాట అనేసి పోయి సిమెంటు బెంచీ మీద కూర్చున్నాడు. నేను కాసేపు రిజిస్టరులోకి చూస్తూ ఉన్నాను. నాకు సిగ్గనిపించింది. ఆయన అన్నది నిజం. ఆయన పొద్దును నేను పుచ్చుతున్నాను, ఆయనకు చెప్పకుండా. పొద్దుపుచ్చడం అనే మాటకు మనిషి కర్మగా ఎట్లా వస్తాడో అప్పుడు తెలిసింది. ఎవరి పొద్దును వాళ్ళే పుచ్చితే ఆట. వాళ్ళ పొద్దును ఇంకొకడు మాటలతో పుచ్చితే మోసం. క్రియ మారలేదు. సూర్యుణ్ణి సాగనంపే మనిషి మారాడు.

బయటికి వచ్చి ఉన్నమాట చెప్పాను. వాగు పొంగింది, ఎప్పుడు తగ్గుతుందో నాకు తెలియదు, రెండు గంటలు పట్టవచ్చు, తెల్లవారవచ్చు. ఒకరిద్దరు గొణిగారు. కొందరు చుట్టాల ఇళ్ళకు పోయారు. పెద్దాయన, "ఇది ముందే చెప్పి ఉంటే బాగుండేది" అని, నా చేతిలో ఏముందో చూశాడు. బస్సుల వేళలు రాసే బోర్డు తాలూకు సుద్దముక్క. "అది ఇటివ్వు" అన్నాడు.

ప్లాట్‌ఫారం మీద లాంతరు స్తంభం కింద కూర్చుని, పెద్ద త్రిభుజం గీశాడు. శిఖరం నుంచి కిందికి గీతలు, వాటికి అడ్డంగా గీతలు. పులి-మేక. ఇరవైమూడు చోట్లు, మూడు పులులు, పదిహేను మేకలు. పులులకు నా బల్ల మీది సిరా బుడ్డి మూతలు ఇచ్చాను. మేకలకు శనక్కాయ తొక్కలు. ఎదుట కూర్చున్నవాడు కాలేజీ కుర్రవాడు, చేతిలో పుస్తకం, ఈ ఆట పేరు వినడమే తప్ప ఎప్పుడూ ఆడలేదు. పెద్దాయన పులులు తీసుకోలేదు. నేర్చుకునేవాడికి పులులు ఇవ్వాలట, దూకడం త్వరగా వస్తుంది. మేకలు ఆడటానికి ఓర్పు కావాలి, అది తర్వాత. తొక్కలు ఒక్కొక్కటే పెడుతూ, మొదటి మూడు మేకలను కావాలని బలి ఇచ్చాడు. కుర్రవాడు రెచ్చిపోయి పులులను మూల నుంచి బయటికి తెచ్చాడు. ఆ తర్వాత పెద్దాయన నోట మాట లేదు. ఒక తొక్క ఇటు, ఒక తొక్క అటు. చుట్టూ ఇరవైమంది చేరారు. ప్రతివాడూ ఒక సలహా. పాల క్యాన్ల వాడు, గాజుల మూటలామె, అన్నం డబ్బా ఒళ్ళో పెట్టుకున్న డ్రైవరు. మొదటి పులి కదలకుండా ఇరుక్కున్నప్పుడు గాజులామె చప్పట్లు కొట్టింది. రెండోదానికి అరగంట పట్టింది.

తొమ్మిదిన్నర దాటాక బస్సు వచ్చింది, చక్రాల దాకా బురద. నేను లేచి ఈల వేసి ఊరి పేరు అరిచాను. ఎవరూ లేవలేదు. మూడో పులికి ఇంకా ఒక దారి తెరిచి ఉంది. డ్రైవరు హారన్ కొట్టాడు. పెద్దాయన తల ఎత్తకుండానే చెయ్యి అడ్డం పెట్టి, "ఉండు నాయనా, రెండు నిమిషాలు" అన్నాడు. రిజిస్టరులో ఆ బస్సు బయలుదేరిన వేళ రాయాల్సింది నేనే. రాశాను. ఆ రెండు నిమిషాలు వాన ఖాతాలోనే పోయాయి.

ఉద్యోగం విరమించి పదేళ్ళవుతోంది. మా ఊరి రామాలయం అరుగు రాతి మీద చిన్నప్పుడు పులి-మేక గీతలు చెక్కి ఉండేవి. ఎవరు చెక్కారో మా తాతకే తెలియదు. గుడి బాగుచేసినప్పుడు ఆ అరుగు మీద పాలరాయి పరిచారు. గీతలు దాని కింద ఉన్నాయి. మేం నలుగురం ముసలివాళ్ళం సాయంత్రాలు ఆ పాలరాయి మీదే సుద్దతో గీస్తాం. పొద్దున్నే ఊడ్చే ఆమె నీళ్ళు కొట్టి కడిగేస్తుంది. ఆమెకు కోపమేమీ లేదు. ఒకరోజు మేం రాకముందే తనే గీసి పెట్టింది, ఒక అడ్డగీత తక్కువగా.

నిన్న నావి పులులు. ఇంటి నుంచి ఫోను వచ్చింది, ఏం చేస్తున్నారని. చెప్పాను. చెరువు వైపు చూశాను. తాళ్ళతోపు సగం కొట్టేశారు, మిగిలిన చెట్ల మీద ఇంకా మూరెడు పొద్దుంది. దాని మీద మబ్బు గీత లేదు. రెండో పులిని అప్పటికే కట్టేశారు, మూడోదానికి దూకే చోటు వెతుకుతున్నాను.